‘రూత్’ అను పాతమాట

ఆంగ్లము చదువుకొన్న మన యిండ్లలోని బాలబాలికలను ‘రూత్‌లెస్’ అను మాట కర్థమేమని యడిగినచో, ‘కనికరము లేని’ యని తడుముకొనక చెప్పుదురు. ఆ మాట వార్తాపత్రికలలో దినదినమును కనబడుచునే యున్నది. ‘లెస్’ అనగా ‘లేని’ గదా, అట్లయిన ‘రూత్’ అనగా నేమి యని మఱల నడిగినచో పెద్దలు సైతము తల గోకికొందురు. కొందఱు క్రైస్తవ వేదములోని రూతు అను స్త్రీని తలచుకొందురు. ఆమె పేరు హెబ్రీ భాషలోనిది. దానికిని దీనికిని చుట్టఱికము లేదు. ‘రూత్’ అనగా కనికరమే. నిఘంటువులలో నింకను దానికి చోటున్నది గాని దానిప్రక్క ‘ప్రాచీనము’ అను గుఱుతు కూడ నున్నది. ఇంటి పెద్ద గతించిన పిదప, ఆయన లేమినే పేరుగా పెట్టుకొని బ్రతుకు కుటుంబమువలె, ఆంగ్లములో కనికరము పోయి కనికరము లేకుండుట మాత్రము నిలిచినది.

ఇట్టి మాటలు మఱికొన్ని యున్నవి. ‘రెక్‌లెస్’ నిత్యవ్యవహారములో నున్నది. ‘లెక్కచేయు’ అను నర్థముగల ‘రెక్’ మూలబడినది. ‘హ్యాప్‌లెస్’ నిలిచినది, అదృష్టమను నర్థముగల ‘హ్యాప్’ పోయినది. కాని వీనిలో నేదియు మనసునకు ‘రూత్’ అంత పని పెట్టదు. అందుచేత దీనిని గూర్చియే కొంత విచారింతము.

‘ట్రూ’ అను విశేషణమునుండి ‘ట్రూత్’, ‘గ్రో’ అను క్రియనుండి ‘గ్రోత్’ పుట్టినట్లే, ‘రూ’ అను క్రియనుండి ‘రూత్’ పుట్టినది. ‘రూ’ అనగా చేసిన పనికి వగచుట, పశ్చాత్తాపపడుట. ఈ క్రియ యిప్పటికిని బ్రతికియున్నది. తొందరపడి చేసిన బేరమును గూర్చి యాంగ్లేయులు నేటికిని దీనిని వాడుదురు. దీని దాయాదియైన జర్మను పదము ‘రోయె’ నేటికిని పశ్చాత్తాపమను నర్థమునే యిచ్చుచున్నది. కాగా ‘రూత్’ అను నొక్క మాటలో రెండు దుఃఖములు గూడుకట్టుకొని యున్నవి. ఒకటి, పరుని బాధ చూచి మనకు గలుగు నొప్పి. రెండవది, మన తప్పు మనము తెలిసికొనినప్పుడు గలుగు నొప్పి. పూర్వపు టాంగ్లేయులకీ రెండును వేఱుగా తోచలేదు కాబోలును.

1066వ సంవత్సరమున నార్మనులు ఇంగ్లండును జయించిన తరువాత ఫ్రెంచి మాట లా భాషలోనికి వెల్లువగా వచ్చినవి. ‘పిటీ’యు ‘మెర్సీ’యు నట్లు వచ్చినవే. ఇవి న్యాయస్థానములలోను, దేవాలయములలోను, ప్రభువుల కొలువులలోను పెరిగిన మాటలు. ‘మెర్సీ’ యనునది పైనున్నవాడు క్రిందివానికి ప్రసాదించునది. శిక్షింపగలవాడు శిక్షింపక విడుచుట దాని ముఖ్యార్థము. ‘పిటీ’ యందును చూచువా డొకయెత్తున, చూడబడువాడు వేఱొక పల్లమున నుందురు. ‘రూత్’ నందో, ఎత్తుపల్లములు లేవు. ఎదుటివాని కన్నీటిలో తన తప్పునుకూడ చూచుకొనువాడు ఎత్తున నెట్లు నిలువగలడు? అధికారము గలవారి మాటలు నిలిచి, ఈ పల్లెటూరి మాట క్రమక్రమముగా కవుల పుస్తకములకు మాత్రమే పరిమితమైనది.

ఈ మాట మెలిక నెఱిగి వాడినవాడు షేక్స్పియరు. 1597లో ముద్రితమైన ‘రెండవ రిచర్డు’ నాటకమున మూడవ యంకమునం దొక తోటమాలి గలడు. రాజు పట్టుబడెనను వార్తను అతడు తన తోటపనివారితో చెప్పుచుండగా, పొదల చాటుననున్న రాణి వినును. తనకు తెలియకమునుపే యొక సేవకునినోట నీ మాట వినవలసి వచ్చెనను దుఃఖముచే, అతడు అంటుకట్టిన మొక్క లెన్నటికిని పెరుగకుండు గాక యని శపించి వెడలిపోవును. తోటమాలి కోపింపడు. తన శాపముచే నామె కష్టము తగ్గునేని తన విద్య యంతయు నశించినను సరే యనుకొని, ఆమె కన్నీటిబొట్టు పడిన తావున ‘రూ’ అను పేరుగల చేదుమొక్క నొకదానిని నాటును. అది ‘రూత్’నకు గుఱుతట. నిజమునకు మొక్కపేరు లాటినునుండి వచ్చినది. వగచుట యను క్రియ ఆంగ్లేయుల సొంతసొత్తు. శబ్దసామ్యముచే గవు లా రెంటికిని ముడివేసిరి. ఈ మొక్క మనకు కొత్తది గాదు. పసిపిల్లలున్న యిండ్లలో పెద్దలు కుండీలో పెంచుచు వచ్చిన సదాపయే యది. దాని ఘాటును చేదును ఎఱిగిన వారికి, కనికరమునకు గుఱుతుగా మల్లెనో గులాబినో గాక యీ చేదాకునే యేల యెన్నుకొనిరో వేఱుగ చెప్పనక్కఱలేదు. నిజమైన కనికరము మనసునకు తీపి గాదు.

మఱి నలువదేండ్లకు మిల్టను మహాకవి ఐర్లండు సముద్రములో మునిగి మరణించిన తన సహపాఠినిగూర్చి 1637లో వ్రాసిన ‘లిసిడస్’ అను విలాపకావ్యమున, దూరదేశములవైపు చూచుచున్న దేవదూతను ఇంటివైపు దృష్టి మరల్చి ‘రూత్’తో కరగుమని ప్రార్థించెను. దూరమును చూచు కన్ను ఇంటివైపు తిరిగినప్పుడే ఈ కరగుట యని మాకు తోచుచున్నది.

మాట పోయినంత మాత్రమున గుణము పోవునా యని చదువరు లడుగవచ్చును. అడుగవలసినదే. ‘రూత్’ అను మాట నెఱుగని కోట్లకొలది యాంగ్లభాషీయులు దయగలవారై యున్నారు. ఆ మాట నిండుగా వాడుకలోనున్న దినములలోనే యా దేశమున మనుష్యులను కొయ్యలకు గట్టి సజీవముగా కాల్చుటయు జరిగినది. కావున మాటయే గుణమని మేము చెప్పము. అయినను మాట యొక దారి. దారి మూసికొనిపోయినచో ఊరు నశింపదు గాని, ఆ ఊరికి పోవువారు తగ్గుదురు. పరదుఃఖమునుండి స్వదోషమునకు పోవు దారి యీ మాటలో నుండెను. అట్టి దారి మన భాషలో నున్నదా?

ఉన్నది. అది ప్రతిదినమును మన నోటనే యున్నది. మనము దానిని గమనింపకున్నాము. వీధిలో ఎండకు సొమ్మసిల్లిన కూలివానిని చూచినప్పుడు తెలుగువాడు మొట్టమొదట ననుమాట యేది? ‘పాపము!’ తల్లి లేని బిడ్డను చూచినను ‘పాపము’. పరీక్ష తప్పిన కుఱ్ఱవానిని చూచినను ‘పాపము’. దుష్కృతమునకు పేరైన మాటయే జాలికిని మాటయైనది. ఆంగ్లేయులు పశ్చాత్తాపమును కనికరమును ఒక మాటలో ముడివేసికొని తుదకు పోగొట్టుకొనిరి. మనమో, దోషమును కనికరమును ఒక మాటలో నుంచుకొని నేటికిని పలుకుచున్నాము. కాని పలుకునప్పుడు ఎవరి పాపమని తలచుచున్నాము? మేము చదువరుల ముందుంచదలచిన ప్రశ్న యిదియే.

దీనికి మూడు ప్రత్యుత్తరము లుండవచ్చును. బాధపడువాని పాపమే యనుట మొదటిది. వాడు పూర్వజన్మమున చేసినది యిప్పు డనుభవించుచున్నాడు. మనము ‘అయ్యో’ యనుటకంటె చేయగలిగిన దేమున్నది? బాధపెట్టినవాని పాపమనుట రెండవది. వాడెవడో దుర్మార్గుడు, మన మతనిని నిందించి ఇంటికి పోవచ్చును. మన పాపమనుట మూడవది. మొదటి రెండింటను నాలుకకే గాని చేతికి పని లేదు. మూడవదానియందు నాలుక ఊరకుండును, చేయి కదలును.

ఇది వట్టి శబ్దవిచారము గాదు. మన సంఘచరిత్రమే దీనికి సాక్షి. ఊహ తెలియని వయసున భర్తను గోల్పోయిన బాలికను చూచి ‘పాపము’ అనని తెలుగు ఇల్లాలు పూర్వ మొక్కతెయు లేకుండెను. జాలికి కొఱత లేదు. అయినను ఆ బాలిక తల గొరిగించిన చేతులును, శుభకార్యములనాడు ఆమెను మూలగదిలో కూర్చుండబెట్టిన చేతులును ఆ ‘పాపము’ అన్నవారివే. అది ఆమె పాపమని వారు నమ్మిరి. వితంతువివాహములకు ధర్మబద్ధత నొసగు చట్టము 1856లోనే వచ్చినది. కందుకూరి వీరేశలింగము పంతులుగారు రాజమహేంద్రవరమున తాము పూనుకొన్న మొదటి వితంతువివాహమును జరిపించినది 1881 డిసెంబరు 11వ తేదీన. నడుమ నిరువదియైదేండ్లు! ఆ యేండ్లలో జాలిపడినవా రెందఱో యుందురు. పంతులుగారికిని వారికిని భేద మెక్కడ? కన్నీటి కొలతలో గాదు. ఇది ఆ బాలిక పాపము కాదు, మన యాచారపు పాపము, మన యింటి పాపము అని ఆయనయు, ఆయనకు తోడునిలిచిన రాజ్యలక్ష్మమ్మగారును తలచుటలోనే యున్నది. ‘పాపము’ అను మాట వ్రేలు అటునుండి యిటు తిరిగినది. అంతియే.

ఇచట రెండాక్షేపములు రావచ్చును. లోకములోని ప్రతి బాధకును మనమే దోషులమా? తుపానున నిల్లు గూలినవానికి మన మేమి చేసితిమి? నిజమే, తుపానును మనము పంపలేదు. కాని పల్లపునేలలో పూరిగుడిసెలో వా డేల యుండవలసి వచ్చెను, మన మిద్దె యేల గట్టిగ నిలిచెను అని యొకమాఱు తలచుట అన్యాయము గాదు. అంతట దోషము గానరానిచోట మిగిలినది ఋణమనుకొందము. తన తప్పేయని రాత్రింబగళ్లు కుమిలిపోవుట మేము కోరము. అట్టి కుములుటయు నొకవిధమైన యాత్మశ్లాఘయే. అది బాధితుని మఱచి తన్ను తానే చూచుకొనును.

రెండవ యాక్షేపము: శస్త్రవైద్యుడును న్యాయాధిపతియు ఇట్లు కరగిపోయినచో లోకము నడుచునా? ఇందు కాఠిన్యమును నిర్దాక్షిణ్యమును ఒకటిగా నెంచుటయే పొరపాటు. వైద్యుడు దేహమును కోయును. కాని అక్కఱకు మించి వెండ్రుకవాసియైన కోయడు. ఆ వెండ్రుకవాసి దగ్గఱ కత్తిని ఆపునదే ‘రూత్’. అది లేనివాడు ఎచట నాపవలెనో యెఱుగడు.

మన పూర్వులు దీనినే మఱియొక రీతిగా చెప్పిరి. మహాభారతమున యక్షుడు పరమధర్మ మేదియని యడుగగా ధర్మరాజు చెప్పిన ప్రత్యుత్తరము ‘ఆనృశంస్యము’. నృశంసుడనగా క్రూరుడు, క్రూరుడు గాకుండుటయే ఆనృశంస్యము. ఆంగ్లమున కనికరమునకు ‘లేని’ చేర్చి క్రూరుని పేరు చేసిరి. సంస్కృతమున క్రూరునికి ‘కాని’ చేర్చి కనికరమునకు పేరు పెట్టిరి. క్రౌర్యము మనకు సులభముగా గలుగునదనియు, దానిని ప్రయత్నించి యాపుకొనవలసినదే ధర్మమనియు నీ మాట సూచించుచున్నది గదా! ధర్మరాజు మాటతో నూరకుండలేదు. చనిపోయిన తమ్ములలో నొక్కని బ్రతికింతునని యక్షుడనగా, మహాబలులైన భీమార్జునులను విడిచి నకులుని కోరెను. కుంతికి తా నొకడు మిగిలియున్నాడు, మాద్రికి నొక్కడైన మిగులవలదా యని అతని తలపు. ఎదుట లేని సవతితల్లి పక్షమున, తనకు మిగిలిన లాభమును తాను లెక్కించుకొనిన కనికర మది.

నేడు క్రీడలను వర్ణించువారును, వ్యాపారమును నేర్పువారును ‘రూత్‌లెస్’ అను మాటను బిరుదుగా వాడుచున్నారు. మన పత్రికలును ‘నిర్దాక్షిణ్యముగా’ అను మాటను మెప్పుగా వ్రాయ నేర్చినవి. ఆటలో నిది యెట్లున్నను పోనిండు. ఆ మాట కార్యాలయమునకును, పాఠశాలకును, తుదకు ఇంటికిని వచ్చినప్పుడే మేము భయపడుచున్నాము. జ్వరముతో రెండు దినములు రాని పనిమనిషిని చూచి ‘పాపము’ అని నోట ననుచునే, ఆ రెండు దినముల కూలిని వ్రేళ్లపై లెక్కించి కోసికొను నిల్లు మన యూర లేదా? మా యింటిలోనే యది జరిగినది. ఆ దినమున మేమును నోరు మెదపలేదు. తరువాత వగచితిమి, అనగా నాంగ్లేయుల పాతక్రియను చేసితిమి. మఱునాడు ఆమె కూలి ఆమెకు పూర్తిగా ముట్టినది. అంత స్వల్పకార్యమునకు పేరు వలయునా యన్నచో, వలయునని మా యభిప్రాయము. పేరు లేనిదానిని మనము త్వరగా మఱచిపోవుదుము.

ఆంగ్లేయుల మాటను వారికి తిరిగి నేర్పుట మన పని కాదు. మన మాట మన నోటనే యున్నది. ఇకమీదట ‘పాపము’ అన్నప్పుడెల్ల, ఎవరిది యని యొక్క క్షణము మనలను మనమే యడిగికొందము.