ఓడిపోతామని తెలిసీ

ఎన్నికలొచ్చాయంటే దొడ్డబళ్ళాపురం మగ్గాల షెడ్లలో వాదనలు రెండు భాషల్లో సాగుతాయి. మరమగ్గాల మోతలో గొంతు పెంచి కన్నడంలో ఎత్తుకున్న మాట, పక్క మగ్గం మనిషి ఇంట్లో మాట్లాడేది తెలుగు కాబట్టి మధ్యలోనే తెలుగులోకి దిగిపోతుంది. ఏ భాషలో అయినా లెక్క ఒక్కటే: ఎవరు గెలుస్తారు? గెలిచినవాళ్లను ఈ ఊరు బాగా గుర్తుపెట్టుకుంటుంది. తూబగెరె నుంచి వచ్చిన ఆర్.ఎల్.జాలప్ప 1996 నుంచి వరుసగా నాలుగుసార్లు చిక్కబళ్ళాపురం ఎంపీ అయ్యారని, కేంద్రంలో జౌళి శాఖ చూశారని పెద్దవాళ్లు నిన్న మొన్నటి సంగతిలా చెబుతారు. ప్రతిసారీ నామినేషన్ వేసి, ప్రతిసారీ డిపాజిట్ పోగొట్టుకునే స్వతంత్ర అభ్యర్థి మాత్రం ఎవరి లెక్కలోకీ రాడు. "ఆయనకేం పని లేదులే" అని కొట్టిపారేస్తాం. ఆ మాట సరైనది కాదని నా నమ్మకం.

ఆయన దాటాల్సిన గడపలు చూడండి. గుర్తింపు ఉన్న పార్టీ అభ్యర్థిని ఒక్క ఓటరు ప్రతిపాదిస్తే చాలు. స్వతంత్రుడికి పదిమంది సంతకాలు కావాలి. లోక్‌సభకైతే 25 వేలు, అసెంబ్లీకైతే 10 వేలు డిపాజిట్ కట్టాలి. చెల్లిన ఓట్లలో ఆరో వంతు కంటే ఎక్కువ రాకపోతే ఆ డబ్బు ప్రభుత్వానిదే. ఇంతా చేశాక ఓటింగ్ యంత్రం మీద ముందు గుర్తింపు పొందిన పార్టీల పేర్లు, ఆ తర్వాత నమోదైన చిన్న పార్టీల పేర్లు, అట్టడుగున స్వతంత్రుల పేర్లు. ఓటరు వేలు అంత కిందికి దిగడం అరుదు. అది తెలిసే ఆయన సంతకం పెడతాడు.

మన కర్ణాటకలోనే హొట్టె పక్ష రంగస్వామి ఉండేవారు. 86 ఎన్నికల్లో ఓడి గిన్నిస్ పుస్తకానికి ఎక్కిన మనిషి. 2007లో పోయారు. హొట్టె పక్ష అంటే పొట్ట పార్టీ. ఇక వేరే మేనిఫెస్టో ఎందుకు? ఆకలి సంగతి తేల్చకుండా ఏం పాలిస్తారని పార్టీ పేరే నిలదీస్తోంది. పొరుగున మెట్టూరులో టైర్ల దుకాణం నడిపే పద్మరాజన్ 1988 నుంచి రెండు వందలకు పైగా పోటీల్లో దిగారు. 1991 నంద్యాల ఉప ఎన్నికలో పి.వి.నరసింహారావు మీద కూడా నామినేషన్ వేశారు. సామాన్యుడు ఎవరి మీదనైనా నిలబడవచ్చని చూపించడమే తన పని అంటారాయన. ఆ పట్టుదలకు చేతులెత్తి నమస్కరిస్తాను. అయినా నా మనసు రంగస్వామి వైపే మొగ్గుతుంది. హక్కు ఉందని చూపించడం గొప్పదే. ఆ హక్కుతో ఒక బాధను పదిమంది ముందు పెట్టడం ఇంకా గొప్పది.

ఆ తేడా నల్లగొండ చెప్పింది. ఫ్లోరైడ్ నీళ్లు తాగి పళ్లు గారపట్టి, ఎముకలు వంగిపోయిన జిల్లా అది. 1996 లోక్‌సభ ఎన్నికల్లో అక్కడ 480 మంది బరిలో నిలిచారు. మంచినీళ్ల కోసం పోరాడే జలసాధన సమితి పిలుపు మీద నామినేషన్లు వేసినవాళ్లే అందులో ఎక్కువ. బ్యాలెట్ కాగితం పుస్తకమైంది, పోలింగే వాయిదా పడింది. గెలిచింది సీపీఐ నాయకుడు ధర్మభిక్షం. కానీ ఆ ఏడు నల్లగొండ నీళ్ల గురించి దేశమంతా విన్నది. అప్పటికి 500 రూపాయలున్న లోక్‌సభ డిపాజిట్‌ను ఆ ఏడే 10 వేలకు పెంచారు. అడిగేవాళ్లు ఎక్కువైతే అడగడానికి ధర పెంచడం నాకు బాధగానే ఉంటుంది.

ధర పెరిగినా అడగడం ఆగలేదు. 2019లో నిజామాబాద్‌లో 185 మంది నిలబడ్డారు. పసుపు బోర్డు కోసం, గిట్టుబాటు ధర కోసం నామినేషన్ వేసిన రైతులే వాళ్లలో అత్యధికులు. ఒక్కో పోలింగ్ కేంద్రంలో 12 బ్యాలెట్ యూనిట్లు వరుసగా పేర్చాల్సి వచ్చింది. ఆ రైతుల్లో ఒక్కరూ గెలవలేదు. కానీ పసుపు బోర్డు తెస్తానన్న మాట గెలిచిన అభ్యర్థి నోటికి ఎక్కింది. 2025 జనవరిలో జాతీయ పసుపు బోర్డు నిజామాబాద్ కేంద్రంగానే మొదలైంది. ఆ నామినేషన్ల వల్లే వచ్చిందని అనను. వాళ్లు నిలబడకపోతే ఆ మాట అంత గట్టిగా వినిపించేది కాదని మాత్రం అంటాను.

పదేపదే ఓడినవాడికి ఇంకో సంపద కూడుతుంది. అఫిడవిట్‌లో ఏ గడి ఖాళీగా వదిలితే నామినేషన్ తిరస్కరిస్తారో, ఖర్చుల లెక్క ఎన్నాళ్లలోపు ఇవ్వాలో, లెక్కింపు హాల్లో ఏజెంటు ఏ కాగితం అడిగి తీసుకోవాలో ఆయనకు తెలుసు. గెలిచినవాడికి ఇవన్నీ చూసిపెట్టే మనుషులుంటారు; ఈయన అన్నీ తన చేత్తోనే చేసుకుని నేర్చుకున్నాడు. అమెరికాలో హెరాల్డ్ స్టాసెన్ అధ్యక్ష పదవికి దశాబ్దాల పాటు ప్రయత్నించి ఓడుతూ వచ్చాడు. మధ్యలో అధ్యక్షుడు ఐసెన్‌హోవర్‌కు నిరాయుధీకరణ సలహాదారుగా పనిచేశాడు. అంత పెద్ద పదవి అందరికీ దక్కదు. కానీ తాలూకా ఆఫీసు మెట్ల మీద మొదటిసారి నామినేషన్ వేయడానికొచ్చిన కుర్రాడిని కూర్చోబెట్టి, "తమ్ముడూ, ఈ సంతకం ఇక్కడ కాదు, కింద" అని చూపించే మనిషి కూడా సలహాదారే. ఆ చదువు ఏ పార్టీ ఆఫీసులోనూ ఉచితంగా దొరకదు.

మన తాలూకాలో అడగాల్సినవి లేవా? దొడ్డతుమకూరు, మజరహొసహళ్లి చెరువుల్లోకి మురుగు, ఫ్యాక్టరీల వ్యర్థజలం చేరుతోందని ఆ ఊళ్లవాళ్లు ధర్నాలు చేస్తూనే ఉన్నారు. నూలు ధర పెరిగినప్పుడల్లా మగ్గం మనిషి కూలి కుంగిపోతుంది. పెద్ద పార్టీలకు వంద పనుల్లో ఇవి రెండు. ఒక స్వతంత్రుడికి ఇదే పని కావచ్చు.

అందుకే ఓటుకు ముందు ఒకసారి ఆ జాబితా చివరిదాకా చదువుదాం. ఓటు ఎవరికి వేసినా సరే. అట్టడుగున ఉన్న ఆ మనిషి కనిపిస్తే, ఎందుకు నిలబడ్డావయ్యా అని నిజంగా తెలుసుకోవాలని అడుగుదాం. ఆయన చెప్పేది మన చెరువు సంగతో, మన మగ్గం సంగతో అయితే, అదే ప్రశ్న గెలిచినవాడిని అడిగే బాధ్యత మనది. ఆయన డిపాజిట్ పోవచ్చు. ఆయన ప్రశ్న పోతే ఆ నష్టం మనదే.