మూసిన పిడికిలి కూడా దొంగతనమే



పంచశీలాల్లో రెండోది మనందరికీ నోటికి వచ్చిందే. ఇవ్వనిదాన్ని తీసుకోను అని విహారంలో చేతులు జోడించి చెప్తాం. ఇంటికెళ్ళి, "నేనెవరి సొమ్మూ ముట్టుకోలేదు, ఈ శీలం వరకు నాకు ఢోకా లేదు" అనుకుంటాం. ఆ ధీమాను ఈసారి కొంచెం పరీక్షిద్దాం. చేత్తో ఏదీ ఎత్తుకుపోకుండా చేసే దొంగతనం ఉంటుందా? ఎదుటివాడికి దక్కాల్సిన చదువును ఆపితే, లేదా మన పనికి సరిపోయే మేరకే కొలిచి పోస్తే, రెండో శీలం తప్పినట్టా, కాదా?

బుద్ధుడు తన చివరి రోజుల్లో ఆనందుడికి ఒక సంగతి చెప్పాడు. ధమ్మం బోధించేటప్పుడు తాను గురువు పిడికిలి బిగించలేదని, లోపలివాళ్ళకు ఒకటి, బయటివాళ్ళకు ఒకటి అని దాచలేదని. అసలు విద్యను పిడికిట్లో పెట్టుకుని, నచ్చిన శిష్యుడికే విప్పే గురువులు ఆ కాలంలో ఉండేవారు. బుద్ధుడిది తెరిచిన చెయ్యి. అందుకే క్షురక వృత్తి నుంచి వచ్చిన ఉపాలి వినయంలో అందరికంటే దిట్ట అయ్యాడు. బుద్ధుడి తర్వాత జరిగిన మొదటి సంగీతిలో వినయం చెప్పింది ఆయనే.

పిడికిలి అంటే ఏంటో మనకు ఒకరు చెప్పక్కర్లేదు. అయినా సముద్రాల అవతల నల్లజాతి ప్రజల చదువు కథ తెలుసుకోవాలి. ఎందుకంటే అక్కడ ఆ పిడికిలిని చట్టాలుగా రాసి, తేదీలు వేసి మరీ పెట్టారు.

మూసిన పిడికిలి

1739లో అమెరికాలోని దక్షిణ కరోలినాలో బానిసలు తిరగబడ్డారు. మరుసటి ఏడు, 1740లో, అక్కడి పాలకులు ఒక చట్టం తెచ్చారు. బానిసకు రాయడం నేర్పినవాడికి 100 పౌండ్ల జరిమానా. 1830లో ఉత్తర కరోలినా చదవడం, రాయడం రెండూ నేర్పకూడదంది. కారణం కూడా దాచుకోలేదు. చదువు వస్తే బానిసల మనసుల్లో అసంతృప్తి పుట్టి తిరుగుబాటు వస్తుందని చట్టంలోనే రాసుకున్నారు. కానీ ఆ చట్టంలో ఒక మినహాయింపు ఉంది. అంకెలు నేర్పొచ్చు! ఎందుకో ఆలోచించండి. మూటలు లెక్కపెట్టే బానిస దొరకు కావాలి. ఉత్తరం చదివే బానిస వద్దు. లెక్క దొరకు పనికొస్తుంది, అక్షరం బానిసకు పనికొస్తుంది.

బాల్టిమోర్ పట్నంలో ఫ్రెడరిక్ డగ్లస్ అనే బానిస పిల్లవాడికి యజమానురాలు అక్షరాలు నేర్పడం మొదలుపెట్టింది. భర్త అడ్డుపడ్డాడు. చదువు నేర్పితే వీడిక బానిసగా పనికిరాడన్నాడు. ఆ మాట పిల్లవాడి చెవిన పడింది. దొర దేనికి భయపడుతున్నాడో ఆ రోజే అర్థమైంది. వీధిలోని పేద తెల్ల పిల్లలకు రొట్టె ముక్కలిచ్చి వాళ్ళ దగ్గరే చదవడం నేర్చుకున్నాడు. 1838లో పారిపోయి, తర్వాత బానిసత్వాన్ని ఎదిరించిన గొప్ప వక్త అయ్యాడు.

సగం తెరిచిన పిడికిలి

1865లో అమెరికాలో బానిసత్వాన్ని చట్టప్రకారం రద్దు చేశారు. ముసలివాళ్ళు, పిల్లలు పక్కపక్కన కూర్చుని అక్షరాలు దిద్దారు. కానీ 1896లో సుప్రీంకోర్టు ఒక రైలు పెట్టె కేసులో, సమానంగా ఉంటే వేరుగా ఉంచినా తప్పు లేదని తీర్పిచ్చింది. బడుల్లో వేరు మిగిలింది, సమానం రాలేదు. నల్లవాళ్ళు పన్ను కట్టారు, ప్రభుత్వ డబ్బు ఎక్కువగా తెల్ల పిల్లల బడికి పోయింది. 1932 వరకు సాగిన ఒక పథకంలో, జూలియస్ రోసెన్‌వాల్డ్ అనే వ్యాపారి సాయంతో దక్షిణ రాష్ట్రాల్లో దాదాపు 5,000 బడి భవనాలు లేచాయి. ఆ సాయం అందాలంటే ఊళ్ళోని నల్లవాళ్ళు కూడా తమ వాటా వేసుకోవాలి. పాలికి సేద్యం చేసుకునే బీదలు డబ్బు, స్థలం, రెక్కల కష్టం ఇచ్చారు. అంటే ఒకే చదువుకు రెండుసార్లు చెల్లించారు. ఒకసారి పన్నుగా, ఇంకోసారి చందాగా. "నేనేమీ తీసుకోలేదు, ఇవ్వలేదంతే" అనే వాదన ఇక్కడే కూలిపోతుంది. ఇవ్వకపోవడం వెనక తీసుకోవడం ఉంది.

దక్షిణాఫ్రికాలో ఇదే పని ఇంకా తెలివిగా జరిగింది. 1953లో బంటూ విద్యా చట్టం తెచ్చిన మంత్రి వెర్వోర్డ్ బడులు మూయలేదు. మిషనరీల బడులను ప్రభుత్వం చేతిలోకి లాక్కున్నాడు. బడికి వచ్చే పిల్లల సంఖ్య పెరిగింది కూడా! మరి మోసం ఎక్కడ? కొన్ని రకాల కూలి పనులకు మించి తెల్ల సమాజంలో నల్లవాడికి చోటు లేదని, అతను వాడుకోలేని గణితం నేర్పి ఏం లాభమని ఆయన చట్టసభలోనే మాట్లాడాడు. ప్రభుత్వం ఇచ్చే సొమ్ముకు ఒక హద్దు గీసి, పెరిగే ఖర్చును నల్లవాళ్ళు కట్టే పన్నుల మీదికి నెట్టారు. ఉత్తర కరోలినా దొరలు అంకెలు ఉంచి అక్షరాలు తీసేశారు. వెర్వోర్డ్ అక్షరాలు ఉంచి ఆలోచనను తీసేయాలనుకున్నాడు.

బెల్జియం పాలించిన కాంగోలో చిన్న బడులు చాలానే ఉండేవి. కానీ 1960లో స్వాతంత్ర్యం వచ్చేనాటికి అంత పెద్ద దేశంలో విశ్వవిద్యాలయ పట్టా ఉన్న కాంగోవాసులు ముప్పైమందికి మించి లేరు. గుమ్మం తెరిచారు, పైమెట్లు కొట్టేశారు.

సగమైనా మేలు కదా?

ఈ ప్రశ్న మీకు వచ్చే ఉంటుంది. రావాలి కూడా. అసలు లేనిదానికంటే సగం మేలు కదా, అది కూడా వద్దంటే పిల్లల గతేంటి?

అమెరికా నల్లవాళ్ళలోనే దీని మీద పెద్ద వాదం నడిచింది. బానిసగా పుట్టిన బుకర్ వాషింగ్టన్ 1881లో టస్కీగీలో బడి మొదలుపెట్టాడు. అక్కడి విద్యార్థులే ఇటుకలు కాల్చి భవనాలు కట్టుకున్నారు. ముందు చేతిపని, సంపాదన, ఆ తర్వాతే హక్కుల మాట అన్నది ఆయన దారి. డబ్ల్యూ.ఇ.బి. డుబోయిస్ ఒప్పుకోలేదు. ఓటు, పౌరహక్కులు, ఉన్నత విద్య వదులుకుంటే సంపాదించిందీ నిలవదని 1903లో పుస్తకంలో రాశాడు. ఇద్దరూ తమ జనం మేలు కోరినవాళ్ళే. చేతిపని తక్కువ కాదు. ఇటుక పేర్చే చెయ్యి గౌరవమైన చెయ్యి. కానీ నీ పిల్లవాడు ఇటుక దగ్గరే ఆగాలని, వాడి పుట్టుక చూసి ఇంకొకడు నిర్ణయిస్తే అది అన్యాయం.

1955లో దక్షిణాఫ్రికాలో ఆఫ్రికన్ నేషనల్ కాంగ్రెస్ బంటూ బడులను బహిష్కరించమంది. వేలమంది పిల్లలు మానేశారు. ప్రభుత్వం వాళ్ళ పేర్లు కొట్టేసింది. అనుమతి లేకుండా వేరే బడి నడపడం నేరం. ఉద్యమం నిలవలేదు, తల్లిదండ్రులు పిల్లల్ని మళ్ళీ ఆ బడులకే పంపారు. వాళ్ళను తప్పుపడదామా? నేను పట్టను. ఎందుకంటే ఆ బడుల్లో చదివిన పిల్లలే, గణితం లాంటి పాఠాలు పాలకుల ఆఫ్రికాన్స్ భాషలో చదవాలని బలవంతం చేస్తే, 1976 జూన్ 16న సొవెటో వీధుల్లోకి వచ్చారు. పోలీసులు కాల్చారు. పన్నెండేళ్ల హెక్టర్ పీటర్సన్ చనిపోయాడు. కూలీలను తయారుచేయడానికి పెట్టిన బడిలోంచి ప్రశ్న నడిచి వచ్చింది.

కాబట్టి నాకు అనిపించేది ఇది. సగం చదువు తీసుకోవడంలో తప్పు లేదు, అది మన సొత్తులో సగం. దాన్నే మొత్తం అని నమ్మడం తప్పు. దానమనుకుని తల వంచి, మిగతా సగం అడగకపోవడం తప్పు. దొంగిలించిన సొమ్ములో సగం తిరిగిచ్చినవాడు దాత కాడు.

తెరిచిన చెయ్యి

మళ్ళీ దక్షిణ కరోలినాకే వద్దాం. 1740లో రాతను నిషేధించిన ఆ నేల మీదే, 1957లో జాన్స్ ఐలాండ్ అనే దీవిలో ఒక రాత్రి బడి పుట్టింది. ఓటరుగా పేరు ఎక్కాలంటే రాజ్యాంగంలోని భాగం చదివి చూపించాలని అప్పట్లో అక్కడ నియమం. చదువు అందనివ్వకుండా ఆపి, చదువు రాదు కాబట్టి ఓటు లేదనడం! పౌరహక్కుల సంఘం సభ్యత్వం వదలనందుకు ఉద్యోగం పోగొట్టుకున్న టీచర్ సెప్టిమా క్లార్క్ ఆ బడికి రూపం ఇచ్చింది. పాఠం చెప్పింది ఆమె బంధువు బెర్నిస్ రాబిన్సన్, ఆడవాళ్ళ జుట్టు దిద్దే పని చేసుకునే మనిషి. ముందు దుకాణం, వెనక గదిలో బడి. మీకేం నేర్చుకోవాలని ఉందని ఆమె వాళ్ళనే అడిగింది. సంతకం పెట్టడం దగ్గర నుంచి మొదలుపెట్టారు. అలాంటి బడులు దక్షిణ రాష్ట్రాలంతా పాకాయి, వేలమంది ఓటర్లయ్యారు. ఆమెకు పెద్ద డిగ్రీలు లేవు. తెలిసిందాన్ని పిడికిట్లో పెట్టుకోలేదు, అంతే.

మన పిడికిలి సంగతి

ఈ కథ మనకు పరాయిది కాదు. మహాత్మా ఫూలే 1873లో రాసిన 'గులాంగిరీ'ని, నల్ల బానిసల విముక్తికి పాటుపడిన అమెరికా ప్రజలకు అంకితమిచ్చాడు. బాబాసాహెబ్ 1946లో డుబోయిస్‌కు ఉత్తరం రాసి, అంటరానివాళ్ళ స్థితికి, నల్లవాళ్ళ స్థితికి ఉన్న పోలికను ప్రస్తావించాడు. 'బుద్ధుడు - ఆయన ధమ్మము'లో సద్ధమ్మం ఎలా ఉండాలో చెబుతూ, విద్య అందరికీ అందాలన్నాడు. అక్కడితో ఆగలేదు. ఒట్టి పాండిత్యం చాలదు, ప్రజ్ఞ కావాలన్నాడు. ప్రజ్ఞ కూడా చాలదు, దానికి శీలం, కరుణ, మైత్రి తోడుండాలన్నాడు. వెర్వోర్డ్ చదువుకున్నవాడే, ప్రొఫెసర్‌గా పనిచేసినవాడే. మైత్రి లేని చదువు ఏం చేస్తుందో చూశాం కదా.

ఇప్పుడు కష్టమైన మాట. పిడికిలి దొరలకే ఉండదు. 1956 మార్చిలో ఆగ్రాలో బాబాసాహెబ్ బాధపడింది మన చదువుకున్నవాళ్ళ గురించే. సమాజానికి సేవ చేస్తారనుకున్నవాళ్ళు తమ పొట్ట చూసుకుంటున్నారని. ఉద్యోగం వచ్చాక వాడ పేరు చెప్పడానికి సిగ్గుపడేవాళ్ళు, పరీక్ష ఎలా పాసయ్యారో పక్కింటి పిల్లకు చెప్పనివాళ్ళు, స్కాలర్‌షిప్ చివరి తేదీ తెలిసి కూడా ఊరుకునేవాళ్ళు మనలో లేరా? మన చదువు మన ఒక్కరి కష్టం కాదు. అమ్మ కూలి, అన్న మానేసిన బడి, మనకు ముందు కొట్లాడినవాళ్ళ రక్తం అందులో ఉన్నాయి. దాన్ని దాచుకుంటే మనం ఎవరిది తీసుకున్నట్టు?

వచ్చే ఆదివారం విహారానికి వెళ్ళినప్పుడు రెండో శీలం దగ్గర ఒక్క క్షణం ఆగండి. మీకు తెలిసి, పక్కవాడికి తెలియనిది ఏదో ఒకటి ఉంటుంది. దరఖాస్తు నింపడం, కంప్యూటర్, చట్టం, ఇంగ్లిషు, లెక్కలు. వందన అయ్యాక ఇంకో గంట అక్కడే కూర్చుని అది నేర్పండి. నేర్చుకునేవాళ్ళు ఇద్దరే వచ్చినా సరే, నేర్పండి.

జై భీమ్.