శారా నవ్వు



“నవ్వు నాలుగు విధాల చేటు” అని మన పల్లెలలో పెద్దలు చెప్పుట మీరందరు వినియే యుందురు. ఆరాధనలో ఎవరైనను కొంచెము గట్టిగా నవ్వినయెడల, ఈ మాట సామెతల గ్రంథములోనిదైనట్లు గద్దించి చెప్పువారును కలరు. అది సొలొమోను చెప్పినది కాదు, మన తాతలు చెప్పినది. సొలొమోను గ్రంథములో 17వ అధ్యాయము తీసి చూడుడి. ఉల్లాసముగల హృదయము మనుష్యునికి మందువలె పనిచేయునని అచ్చట కనబడును.

అయినను తాతల మాటను కొట్టివేయుటకు నేను తొందరపడను. ప్రసంగి 7వ అధ్యాయములో, బుద్ధిహీనుల నవ్వు కుండ క్రింద చిటపటలాడు ముండ్లకంపతో పోల్చబడినది. కంపతో వంట చేసిన తల్లులకు దీని భావము నేను విప్పి చెప్పనక్కరలేదు. చప్పుడు మెండు, మంట మెండు, లోపలి సంకటి మాత్రము ఉడుకదు. కాబట్టి నవ్వవచ్చునా కూడదా అని అడుగుటకంటె, ఏ నవ్వు, ఎవరిని చూచి, అని అడుగుట మేలు. ఇందుకు అబ్రాహాము గుడారమునకు పోవుదము. పరిశుద్ధ గ్రంథములో మొదట నవ్వు వినబడినది అచ్చటనే.

నూరేండ్లవానికి సంతానము కలుగునా, తొంబదేండ్ల శారా కనునా అని అబ్రాహాము సాగిలపడి నవ్వెను. ముఖము నేలకున్నది, నోట నవ్వున్నది. భక్తియు నవ్వును ఒక్క దేహములోనే యున్నవి. తరువాత మమ్రేయొద్ద ముగ్గురు అతిథులు వచ్చిననాడు, గుడారపు ద్వారమునొద్ద వినుచున్న శారా తనలో తాను నవ్వుకొనెను. ఎందుకు నవ్వితివని ప్రభువు అడిగెను. ఆమె భయపడి నవ్వలేదని బొంకెను. కాదు, నవ్వితివని ఆయన చెప్పెను. అంతటితో ఆ విచారణ ముగిసినది. శిక్ష లేదు, వాగ్దానము వెనుకకు తీసికొనుటయు లేదు. పైగా పుట్టిన బిడ్డకు ఇస్సాకు అను పేరు నిలిచెను. హెబ్రీ భాషలో ఆ పేరునకు “నవ్వును” అని అర్థము. దినమునకు పదిసార్లు శారా తన కుమారుని పిలువవలెను గదా! పిలిచినప్పుడెల్ల తన అపనమ్మకపు నవ్వును, దేవుడు దానిని తిప్పివేసిన విధమును ఆమెకు జ్ఞాపకము వచ్చియుండును. “నవ్విన నాపచేనే పండును” అని మన రైతులు చెప్పుట ఇటువంటి సంగతినిగూర్చియే.

మన గ్రామములలో బిడ్డలు లేని స్త్రీని ఏమని పిలుతురో వ్రాయుటకు నా కలము ఒప్పుకొనదు. శారా ఆ భారమును తొంబది యేండ్లవరకు మోసెను. హాగరు గర్భవతియైనప్పుడు తన యజమానురాలిని నీచముగా చూచెనని 16వ అధ్యాయములో చదువుదుము. ఆ చూపు శారా మనస్సులో ఎంత లోతుగా దిగినదో 21వ అధ్యాయములో బయటపడినది. ఇస్సాకు పాలు విడిచిన దినమున గొప్ప విందు జరిగెను. ఇల్లంతయు నవ్వు. ఆ విందులో ఇష్మాయేలు పరిహసించుట శారా చూచెను. మన తెలుగులో “పరిహసించుట” అని వేరు మాట యున్నది గాని, హెబ్రీలో అది ఇస్సాకు పేరు పుట్టిన ధాతువునుండియే వచ్చినది. మాట ఒకటే. ఒకచోట అది దేవుని కృపను చూచి నవ్వుట, ఇంకొకచోట తోటివానిని చూచి నవ్వుట. రొట్టెయు నీళ్ల తిత్తియు భుజముపై పెట్టుకొని, కుమారుని వెంటబెట్టుకొని, హాగరు బెయేర్షెబా అరణ్యములోనికి పోవలసివచ్చినది. పిల్లవానిని పొదక్రింద పడవేసి, వాని చావు చూడలేనని దూరముగా కూర్చుండి ఏడ్చెను. దేవుడు ఆ చిన్నవాని మొఱ వినెను గనుక సరిపోయినది. లేనియెడల ఒక విందులోని పరిహాసము ఒక పిల్లవాని ప్రాణమునే తీసియుండును.

మన ప్రభువు నవ్వెనని సువార్తలలో ఎచ్చటను వ్రాయబడలేదు, ఏడ్చెనని వ్రాయబడినది. దీనినిబట్టి విశ్వాసి ముఖము ఎల్లప్పుడును భూస్థాపన దినమునందువలె ఉండవలెనని కొందరి తలంపు. అయితే దోమను వడియగట్టి ఒంటెను మ్రింగువారినిగూర్చియు, కంటిలో దూలము పెట్టుకొని పొరుగువాని కంటిలోని నలుసు తీయబోవువానినిగూర్చియు ఆయన చెప్పినప్పుడు, వినుచున్నవారు బిగుసుకొని కూర్చుండిరని నేను నమ్మజాలను. యాయీరు ఇంటిలో మాత్రము మరియొక నవ్వు వినబడినది. చిన్నది నిద్రించుచున్నదని ఆయన చెప్పగా వారు ఆయననే అపహసించిరి. ఆయన వారినందరిని బయటికి పంపివేసి తరువాతనే ఆ చిన్నదాని చెయ్యి పట్టుకొనెను. అపహాసకులకు ఆ గదిలో చోటు దొరకలేదు.

యెరూషలేము సంఘమువారి సంగతి వేరు. పేతురు విడుదలకై రాత్రి ప్రార్థించుచు, పేతురే వచ్చి తలుపు తట్టగా, రొదే అను చిన్నది సంతోషముతో తలుపు తీయుటయే మరచి లోపలికి పరుగెత్తెను. లోపలివారు ఆమెను వెఱ్ఱిదానవనిరి. ప్రార్థన ఫలించినది, ఫలము వాకిట నిలువబడి తలుపు తట్టుచునే యున్నది! తమ అవివేకమును లూకా వ్రాయుటకు ఆ సంఘమువారు అడ్డుపడలేదు. తమ్మును చూచి తాము నవ్వుకొనగల సంఘము ధన్యమైనది.

మార్టిన్ లూథరు 1530వ సంవత్సరములో కోబర్గు కోటనుండి జెరోము వెల్లరు అను యువకునికి ఒక ఉత్తరము వ్రాసెను. అతడు లూథరు పిల్లలకు చదువు చెప్పువాడు, అప్పుడు మనోవ్యాకులముచేత క్రుంగియుండెను. ఒంటరిగా కూర్చుండవద్దనియు, నలుగురితో కూడ వేళాకోళములాడుమనియు లూథరు అతనికి చెప్పెను. ఇంకొంచెము ఎక్కువ త్రాగుమను సలహాయు ఆ ఉత్తరములో కలదు. దానిని జర్మనీవారికే విడిచిపెట్టుదము.

ఇక మన సంఘములో జరిగిన సంగతి. ఏబదియేండ్లు దాటిన ఒక విధవరాలు రాత్రి బడిలో అక్షరములు నేర్చుకొనెను. పగలంతయు కూలికి పోయి, రాత్రి దీపమునొద్ద గుణింతములు దిద్దెను. స్త్రీల సమాజపు ఆదివారమున పేతురు ప్రభువును ఎరుగనన్న భాగమును చదువుటకు ఆమె నిలువబడెను. చేతులు వణకుచుండగా ఆమె “కోడి” అనవలసినచోట “గోడ” అని చదివెను. గోడ కూసినదట! చాపలమీది చిన్నవారు నవ్విరి. నిజము చెప్పవలెనన్న పెద్దలును నవ్విరి, ఆమెయు కొంగు అడ్డము పెట్టుకొని నవ్వెను, సరిచేసికొని చివరవరకు చదివెను. ఆ నవ్వులో నాకు దోషము కనబడలేదు.

దోషము సోమవారము మొదలైనది. నీళ్లకు పోయినప్పుడు ఆమెకు “గోడ కూసినమ్మ” అని పేరు పెట్టిరి. నాట్లు వేయు మడిలో అదే పేరు. పిల్లలు ఆమె ఇంటి గోడ ప్రక్కన నిలువబడి కోడికూత కూసిరి. ఆదివారపు నవ్వులో ఆమె మనతో కూడ ఉన్నది. సోమవారపు నవ్వులో ఆమె ఒంటరిది. ఎనిమిది నెలలు ఆమె గ్రంథము తెరువలేదు. నేను ఇంటికి పోయి అడుగగా, “మాకెందుకయ్యగారూ చదువులు, వినుకుంటే చాలదా” అన్నది. హాగరు తిత్తిలో నీళ్లు అయిపోయిన సంగతి నాకు అప్పుడు తలంపునకు వచ్చినది.

ఆ పేరు పెట్టిన చిన్నవారిలో ఇద్దరిని పిలిచి శారా ఇంటి సంగతి వారికి చెప్పితిని. వారు తలలు వంచుకొని వినిరి. మరునాటి సాయంకాలము ఆమె ఇంటికి పోయి, “పెద్దమ్మా, తప్పయిపోయింది” అనిరి. ఆమె వారికి మజ్జిగ ఇచ్చి పంపెనట.

వచ్చు నెల మొదటి ఆదివారమున ఆదికాండము 21వ అధ్యాయము చదువవలసియున్నది. మరల ఆమెను అడిగితిని. చాలసేపు మాటాడలేదు. తరువాత, “ఆ అధ్యాయంలో కోడి ఉన్నదా అయ్యగారూ?” అని అడిగినది.

“లేదమ్మా, గొఱ్ఱెలూ ఎద్దులూ ఉన్నవి” అంటిని.

“అయితే చూద్దాంలెండి” అని నవ్వినది.