పేరునకు దగిన గుణము

శ్రావకుల యిండ్లలో శిశువు జన్మించిన పిమ్మట పెద్దలు చేయు తొలి యాలోచనలలో నామకరణ మొకటి. తీర్థంకరులలో నొకరి పేరో, శాసనదేవత పేరో, సద్గుణమును దెలుపు పేరో పెట్టుదురు. శాంతిలాల్, పారస్‌మల్, నేమిచంద్, అజితకుమార్, పద్మావతి యను పేర్లు ప్రతి సంఘమునందును వినవచ్చుచుండును. పేరు పెట్టుట యొకనాటి పండుగ. ఆ పేరును నిలుపుట జన్మమంతయు సాగవలసిన పని. కావున పేర్ల యర్థము నెరుగుట శ్రావకునకు వినోదము మాత్రమే కాదు, స్వాధ్యాయములో నొక భాగము.

నిత్యము జపించు పంచనమస్కార మంత్రములో ఏ యొక్క వ్యక్తి పేరును లేదు. ఋషభదేవుని పేరు లేదు, మహావీరస్వామి పేరును లేదు. అర్హంతులకు, సిద్ధులకు, ఆచార్యులకు, ఉపాధ్యాయులకు, సర్వసాధువులకు మాత్రమే అందు నమస్కారము గలదు. వందనము గుణమునకే గాని పేరునకు గాదని ఆ మంత్రమే బోధించుచున్నది.

అందలి మొదటి పదము ప్రాకృతమున అరహంత, అరిహంత, అరుహంత యని మూడు విధముల కనబడును. మూలమున నిది పూజకు దగినవాడను అర్థమిచ్చు అర్హశబ్దమే. పలుకుబడిలో రేఫ హకారముల నడుమ ఒకచో అకారము, ఒకచో ఇకారము, ఒకచో ఉకారము వచ్చి చేరినవి. హేమచంద్రాచార్యుడు తన ప్రాకృతవ్యాకరణమున నీ రూపములను సాధించెను. అయినను సంప్రదాయము ఒక్కొక్క రూపమున ఒక్కొక్క యర్థమును దర్శించినది. అరహంతుడు పూజార్హుడు, అరిహంతుడు శత్రువులను సంహరించినవాడు, అరుహంతుడు కర్మబీజము దగ్ధమై మరల మొలకెత్తనివాడు. ఆ శత్రువులు రాగము, ద్వేషము, క్రోధము, లోభము మున్నగునవి. ఎదుటి యంగడివాడు ఆ శత్రువులలో లేడు.

ధ్వనిలో దగ్గరై యర్థములో వేరైన పేర్లును గలవు. ఇరువదియొకటవ తీర్థంకరుడు నమినాథుడు, ఇరువదిరెండవ తీర్థంకరుడు నేమినాథుడు. ఒక్క స్వరము మాత్రమే భేదము. నమి యనగా వంగుట, నమస్కరించుట. ప్రభువు గర్భమునందుండగా శత్రురాజులు మిథిలానగరమును ముట్టడింప, తల్లి మేడపై నిలిచి చూడగనే వారెల్లరు తలవంచిరని చరితము. నేమి యనగా చక్రపు అంచు. తల్లి స్వప్నమున రత్నమయమైన చక్రపు అంచును గాంచుటచే ఆ పేరు కలిగినది. పూర్తి పేరు అరిష్టనేమి. తెలుగువారికి అరిష్టమనగానే కీడు స్ఫురించును. వైద్యుని కొట్టులో ద్రాక్షారిష్టము ఔషధము. కాని ఈ పేరున అరిష్టమనగా రిష్టము లేనిది, హాని యెరుగనిది. ఆ పేరు నిజమైనది వివాహసమయమున. పెండ్లివిందునకై బంధింపబడిన పశువుల ఆక్రందన విని, ఆ ప్రభువు రథమును వెనుకకు మరలించి, రైవతకగిరి కేగి దీక్ష వహించెను. తాను హాని పొందనివాడగుటకంటె, తనవలన నితరులకు హాని కలుగనీయనివాడగుటయే గొప్ప.

పారస్ అను పేరు మరియొక చిత్రము. ఉత్తరదేశభాషలలో పారస్ అనగా ఇనుమును బంగారము చేయునని చెప్పబడు స్పర్శమణి. జైనుల యిండ్లలోని పారస్ పార్శ్వశబ్దమునుండి వచ్చినది. పార్శ్వమనగా ప్రక్క. గర్భవతియైన తల్లి చీకటిరాత్రి తన ప్రక్కగా బోవుచున్న కృష్ణసర్పమును జూచెను గాన కుమారునకు పార్శ్వుడని పేరు వచ్చెను. రెండు పదములును కలిసిపోవుటచే, బిడ్డకు పారస్ అని పేరుంచినవారు బంగారమును తలచుట సహజము. కాని పార్శ్వప్రభువు లోహమును మార్చలేదు, మనస్సులను మార్చెను.

వర్తకకుటుంబముల వారు విశేషముగ స్మరింపదగినది ఐదవ తీర్థంకరుడైన సుమతినాథుని పేరు. ధనికుడైన యొక వర్తకుడు ఇద్దరు భార్యలను, ఒక పసిబిడ్డను విడిచి మరణించెను. బిడ్డ నాదియన నాదియని ఇరువురును వాదించిరి. బిడ్డ యెవరిదో ఆస్తియు వారిదే. తగవు రాజసభలో తేలలేదు. అప్పుడు గర్భవతియైన మంగళాదేవి, “నా గర్భమందున్న శిశువు జనించి ఈ తగవు తీర్చగలడు, అందాక వేచియుండుడు” అనెను. సవతితల్లి వెంటనే యొప్పుకొన్నది. కన్నతల్లి అంతకాలము ఎడబాటును సహింపలేనని విలపించినది. రాణి ఆమెకే బిడ్డను అప్పగించెను. ఆ సద్బుద్ధికి గుర్తుగా కుమారునకు సుమతి యను పేరు కలిగినది. ఆస్తిని కోరినవారికి ఓపిక యుండును. బిడ్డను కోరినవారికి ఉండదు. వాటాల తగవులలో అన్నదమ్ములు న్యాయస్థానముల మెట్లెక్కునపుడు, తాము కోరుచున్నది దేనినో ఈ కథనుబట్టి పరీక్షించుకొనవచ్చును.

శ్వేతాంబరులు, దిగంబరులు ఉభయులును ఆదరించు తత్త్వార్థసూత్రము ఏ వస్తువునైనను నాలుగు నిక్షేపములచే గ్రహింపవలెనని చెప్పినది: నామము, స్థాపన, ద్రవ్యము, భావము. గుణముతో నిమిత్తము లేక పెట్టిన పిలుపు నామము. ధనరాజు అను పేరు గలవాడు అప్పుకొరకు తిరుగవచ్చును. ప్రతిమయందు ప్రభువును భావించుట స్థాపన. రేపు ముని కాబోవువానిని నేడే మునియనుట ద్రవ్యము. గుణము ప్రత్యక్షముగ నున్నపుడు పిలుచుట భావము. జినదాసు అని పేరుంచుట తల్లిదండ్రుల చేతిలోనిది. జినునకు దాసుడగుట ఆ బిడ్డ చేతిలోనిది.

అదే గ్రంథము ఏడవ అధ్యాయమున అచౌర్యవ్రతమునకు ఐదు అతిచారములను చెప్పినది. దొంగతనమునకు ప్రేరేపించుట, దొంగసొత్తు గైకొనుట, రాజ్యనియమముల నతిక్రమించుట, తూకములను కొలతలను హెచ్చుతగ్గులు చేయుట, ప్రతిరూపక వ్యవహారము. ఈ కడపటిదనగా అసలు సరుకువలె కనబడు నకిలీ సరుకును అమ్ముట. నేడు త్రాసునకు మారుగా విద్యుత్తుతో నడచు తూకపు యంత్రము వచ్చినను, అతిచారము మారలేదు. అంగడి పలకపై తీర్థంకరుని పేరు వ్రాసి, లోపల కల్తీ సరుకు అమ్మినచో దోషము రెండింతలు. సరుకు నకిలీ, పేరును నకిలీ. కొనవచ్చినవాడు మోసపోవునది ఆ పేరును నమ్మియే.

కడపట చరమతీర్థంకరుని పేర్లు. ఆయన గర్భస్థుడైనది మొదలు ఇంట ధనధాన్యములు వృద్ధిపొందుటచే తల్లిదండ్రులు వర్ధమానుడని పేరిడిరి. ఈ పేరునకును, వర్తకుల చిట్టాలలోని వడ్డికిని మూలమొక్కటే. వృద్ధి యను సంస్కృతపదమే తెలుగున వడ్డి యైనది. కాని ఆ వర్ధమానుడు ముప్పదియవ యేట, వృద్ధిపొందిన ఆ సంపదనెల్ల విడిచి వెడలెను. అటుపిమ్మట పండ్రెండేండ్లకు పైగా భయములను, ఉపసర్గములను చలింపక సహించెను. మహావీరుడను పేరు అట్టి ధైర్యమునకు దేవతలు ఇచ్చినదని కల్పసూత్రము చెప్పుచున్నది. మొదటి పేరు ఇంటివారు ఇచ్చినది, రెండవది ఆయన ఆర్జించినది. లోకము మ్రొక్కుచున్నది ఆ ఆర్జించిన పేరునకే.

సంవత్సరాంతమున వర్తకుడు తన చిట్టాను సరిచూచుకొనును. ఆనాడే తన పేరును గూడ ఒకసారి ముందుంచుకొనుట మంచిది. శాంతిలాల్ ఇంట శాంతి యెంత నిలువయున్నది? క్షమాబాయి ఎవరిని క్షమింపక మిగిల్చినది? అజితుడు ఏ లోభమునకు ఓడిపోయెను? ఈ లెక్కను తనిఖీ చేయ బయటినుండి అధికారి రాడు. కావున దానిని తానే నిజాయితీతో వ్రాసికొనవలెను. పెద్దలు ప్రేమతో నిచ్చిన పేరు మూలధనము వంటిది. దానిని తరుగనీయక, గుణముతో వృద్ధిచేసి బిడ్డల కప్పగించువాడే నిజమైన శ్రావకుడు.