రుచి చూసే హక్కు

తెలుగులో తినటం వేరు, రుచి చూడటం వేరు. తినేవాళ్లకు ఆకలి ఉంటుంది. రుచి చూడటానికి ఆకలి అక్కర్లేదు, అసలు లేకపోతేనే ఆ పని బాగా సాగుతుంది. మన ఇళ్లల్లో ఈ రెండో పని ఎవరి చేతుల్లో ఉందో ఆలోచిస్తే చిత్రంగా ఉంటుంది. వండేది ఆడవాళ్లు. 'ఉప్పు తక్కువైంది' అని తీర్పు చెప్పేది కంచం ముందు కూర్చున్న మగవాడు. మడి పాటించే ఇళ్లల్లో నైవేద్యం అయ్యేదాకా వండిన మనిషి నాలుక మీద చుక్క కూడా వేసుకోకూడదు. రంగు చూసి, ఉడికే చప్పుడు విని, వేళ్ల అలవాటు మీద ఉప్పు వేయాలి. ఇంత కష్టమైన విద్యకి మనవాళ్లు ఇచ్చిన బిరుదు 'ఆమె చేతిలో ఏదో ఉంది' అనేది. ఆ 'ఏదో' ఏమిటో తెలుసుకోవాల్సిన అవసరం ఎవరికీ రాలేదు.

అందుకే మా అమ్మాయి నాకు 'సంప్రదాయ రుచుల యాత్ర' టికెట్టు కొన్నానని చెప్పినప్పుడు ముందు నవ్వొచ్చినా, తర్వాత సరదా పుట్టింది. తను గచ్చిబౌలిలో ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీలో పనిచేస్తుంది. రెండేళ్ల కింద స్నేహితురాళ్లతో గ్రీసు వెళ్లి, శాంటోరినీ దీవిలో ఇలాంటి యాత్రే చేసొచ్చింది. అగ్నిపర్వతపు బూడిద నేలలో ద్రాక్ష తీగల్ని గాలికి తట్టుకునేలా బుట్టల్లా చుట్టి పెంచుతారట. అక్కడి పప్పు ముద్ద, ఎండబెట్టిన టమాటాలు, తెల్ల వైను ఒక్కో గుక్క ఇచ్చి వాటి కథ చెబుతారట. 'మన దగ్గర కూడా మొదలైంది చూడమ్మా, మనిషికి రెండువేల ఐదొందలు' అంది. యాభై ఎనిమిదేళ్లు వండిన, వండించిన మనిషిని. ఒక రోజంతా కూర్చుని రుచి చూడటమే పనిగా పెట్టుకోవటంలో ఒక స్త్రీకి ఉండే సుఖాన్ని తక్కువ చేసి మాట్లాడలేను.

ఈ జనవరిలో ఒక ఆదివారం పొద్దున్నే మాదాపూర్‌లో సైబర్ టవర్స్ దగ్గర బస్సెక్కాం. ఇరవై మందిమి, అందులో పద్నాలుగు మంది ఆడవాళ్లమే. 1998లో ఆ గుండ్రటి భవనాన్ని ప్రారంభించేనాటికి ఇక్కడంతా బండరాళ్లేనని మా గైడు చెప్పాడు. చదువుకున్న కుర్రాడు, మంచి మాటకారి. బండరాళ్ల మధ్య ఊళ్లు కూడా ఉండేవి, పొలాలు కూడా ఉండేవి అని నేను లోపల అనుకున్నాను. మాదాపూర్, కొండాపూర్, రాయదుర్గం... ఇవి బస్టాపుల కోసం పెట్టిన పేర్లు కావు కదా. దారిలో తైదంబలి, సర్వపిండి పెట్టారు. ముంబై హైవే మీద సంగారెడ్డి దాటి, జహీరాబాద్ ఇంకా రాకముందే ఒక ఊరి ఈతవనంలో ఆపారు.

అక్కడ కల్లు. ఇది మన వైన్ టేస్టింగ్ అన్నాడు గైడు. పోలిక బాగుంది గానీ ఒక తేడా ఉంది. వైనుకి వయసు ఏళ్లల్లో లెక్క, కల్లుకి గంటల్లో. చెట్టు నుంచి దిగిన క్షణం నుంచే పులవటం మొదలు. పొద్దున తియ్యగా ఉన్నది సాయంత్రానికి పులిసి కొరకొరలాడుతుంది. నేలమాళిగలో దాచి గొప్ప చెప్పుకోవటానికి కుదరని మద్యం. గీసే మనిషి, చెట్టు, తాగే మనిషి ఒకే చోట ఉండాలి. 2023లో నెక్లెస్ రోడ్డు మీద నీరా కేఫ్ తెరిచారు. అక్కడ కూడా తంటా అంతా ఆ పులుపు రాకుండా ఆపటంలోనే ఉంది.

మోకు, ముస్తాదు కట్టుకుని ఒకతను చెట్టెక్కి లొట్టి దించాడు. అందరూ ఫోన్లు ఎత్తి పట్టారు. గీత పనిలో చెట్టు మీంచి పడి నడుములు విరిగినవాళ్లు, ప్రాణాలు పోయినవాళ్లు ప్రతి జిల్లాలో ఉన్నారు. ప్రభుత్వం 'కాటమయ్య రక్షణ కవచం' పేరుతో పట్టీలూ కొక్కేలూ ఉన్న కిట్లు ఇవ్వటం మొదలుపెట్టింది 2024లో. మా ఫోటోల్లో మోకు ఎంత అందంగా ఉందో!

తాటాకు రేకల్లో కల్లు పోస్తున్నది అతని భార్య. నేను రెండు రేకలు తాగాను. నల్లగొండ జిల్లాలో భూమి ఉన్న కుటుంబంలో పుట్టినదాన్ని, మా ఇళ్లల్లో ఆడపిల్లలు కల్లు మండువా వైపు తల తిప్పి చూసినా తప్పే. మా పొలంలో నాట్లు వేసే ఆడవాళ్లు మాత్రం పొద్దుగూకే వేళ కలిసి కూర్చుని తాగేవాళ్లు. బోనాలకి అమ్మవారికి సాక పోసేది కూడా కల్లే. అంటే దేవతకీ కూలి మనిషికీ ఉన్న స్వేచ్ఛ మధ్యలో ఉన్న మాకు లేదు. ఆ చెట్టు కింద పద్నాలుగు మంది ఆడవాళ్లం కాళ్లు చాపుకుని, ఎవరికీ వడ్డించే పని లేకుండా, గట్టిగా నవ్వుకుంటూ కూర్చోవటం నాకు నచ్చింది.

మాలో ఒకావిడ, నా వయసే, కొంచెం ఇబ్బందిగా అంది. 'మనం సారా ఉద్యమానికి జేజేలు కొట్టినవాళ్లం కదండీ!' కొట్టాం. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో మొదలైన కదలిక ఊరూరా పాకి, 1993 అక్టోబరులో సారా నిషేధం, 1995 జనవరిలో పూర్తి మద్యనిషేధం తెచ్చింది. 1997లో ప్రభుత్వం ఆ నిషేధాన్ని సడలించేసింది. కానీ ఆ స్త్రీలు పోరాడింది రుచి మీద కాదు. కూలి డబ్బు ఇంటికి రాకుండా పోతున్నందుకు, ఒంటి మీద దెబ్బలు పడుతున్నందుకు పోరాడారు. కాబట్టి ఆవిడకి నా జవాబు తేలిగ్గానే దొరికింది. తేలిగ్గా దొరకనిది ఇంకొకటి ఉంది.

2025 జులైలో కూకట్‌పల్లి ప్రాంతంలో కల్తీ కల్లు తాగి పలువురు చనిపోయారు, ఇంకెందరో ఆసుపత్రుల పాలయ్యారు. కల్లులో అల్ప్రజోలం కలిసిందని పరీక్షల్లో తేలింది. నగరంలో కల్లు దుకాణాలని 2004లో మూసేశారు, 2014లో మళ్లీ తెరిచారు. దుకాణాలు వచ్చాయి గానీ చెట్లు రాలేదు. గిరాకీకి సరిపడా చెట్టు కల్లు లేనిచోట నీళ్లూ, తీపీ, నిద్రమందూ ఆ లోటు పూడుస్తాయి. ఆ మందు మత్తుకి అలవాటుపడ్డ శరీరం అది దొరక్కపోతే వణికిపోతుంది, ఫిట్స్ వస్తాయి. సైబర్ టవర్స్ నుంచి కూకట్‌పల్లి ఎంత దూరం? కొద్ది కిలోమీటర్లు. ఈ భవనాలకి సిమెంటు మోసి ఒళ్లునొప్పులకి తాగేవాళ్లకి దొరికేది అది. చెట్టు దగ్గరికే బస్సు వేసుకుని వచ్చిన మాకు దొరికింది ఇది. స్వచ్ఛత అనేదే ఇప్పుడు అమ్మకపు సరుకు. రెండువేల ఐదొందల్లో నేను ఎక్కువ భాగం కట్టింది దానికే అనుకుంటాను.

మధ్యాహ్నం భోజనం ఊళ్లో ఒక పెంకుటిల్లు ముందు. జొన్నరొట్టె, సజ్జరొట్టె, పుంటికూర పప్పు, పచ్చిపులుసు, ఎల్లిపాయ కారం, కొర్ర అన్నం. గైడు ఒక్కో వంటకం ముందు నిలబడి కథ చెప్పాడు. 'మన పూర్వీకుల ఆహారం' అన్నాడు.

ఎవరి పూర్వీకులు? మా ఇంట్లో రెండు పొయ్యిలుండేవి. లోపలి పొయ్యి మీద సన్నబియ్యం. వెనక దొడ్లో పెద్ద కుండలో జీతగాళ్లకి జొన్న గటక. మా నాయనమ్మ చేతి వంట అంటే నాకు లోపలి పొయ్యే గుర్తుకొస్తుంది. గటక వండిన మనిషి పేరు నాకు తెలుసు గానీ ఆమె చేతి రుచి తెలియదు, ఆ కుండలోది మేం తినలేదు. ఈ రోజు 'సంప్రదాయం' అని నా విస్తట్లో పడింది మా సంప్రదాయం కాదు, మా ఇంటి వెనకవాళ్లది. ఎన్టీఆర్ 1983లో రెండు రూపాయల కిలో బియ్యం పెట్టినప్పుడు పండగ నాడు తప్ప తెల్లన్నం చూడని ఇళ్లల్లో అది ఎంత గౌరవమో, చదువుకున్న మనం అంత త్వరగా మర్చిపోకూడదు. ఆ బియ్యం మెట్ట పంటల్ని దెబ్బతీసిందన్న మాటా నిజమే. సరిగ్గా ఈ జహీరాబాద్ చుట్టుపక్కలే, అదే 1983లో మొదలైన డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల్లో దళిత స్త్రీలు జొన్న, కొర్ర, సామ విత్తనాలని మళ్లీ కూడబెట్టారు, బీడు భూములు సాగులోకి తెచ్చారు, బియ్యం బదులు జొన్నలతో సొంత రేషను నడిపారు. ఏటా సంక్రాంతికి పాత పంటల జాతర పేరుతో ఎడ్లబండ్ల మీద విత్తనాలు పెట్టుకుని ఊరూరా తిరుగుతారు. అది వాళ్ల నిర్ణయం, వాళ్ల లెక్క. ముతక ధాన్యాలన్నవి కేంద్ర ప్రభుత్వ కాగితాల్లో 2018లో పోషక ధాన్యాలయ్యాయి. 2023ని ఐక్యరాజ్యసమితి చిరుధాన్యాల సంవత్సరం అంది. పేరు మారినకొద్దీ ధర పెరిగింది, తినే మనుషులు మారారు.

తినటం అయ్యాక పొయ్యి దగ్గరికి వెళ్లాను. ఇద్దరు ఆడవాళ్లు, ఒకామె రొట్టె చరుస్తోంది, ఇంకొకామె మంట ఎగదోస్తోంది. గైడు చెప్పిన అన్ని కథల్లో వాళ్ల పేర్లు రాలేదు.

'నువ్వు తిన్నవా అమ్మా?' అన్నాను.

'మీరంత అయినంక తింటం మేడం. జర అటు జరుగుండ్రి, పొగ కొడ్తది.'

'ఇంట్ల గూడ రొట్టెలేనా?'

ఆమె నవ్వింది. 'యాడియి? పోరగాండ్లు ముట్టరు. జొన్నలు కొనాలె. రేషన్ల సన్నబియ్యం ఉత్తగనే వస్తున్నయి.'

2025 ఉగాది నుంచి రేషను దుకాణాల్లో సన్నబియ్యం ఇస్తున్న సంగతి వార్తల్లో చదివాను. ఆమె నోట విన్నప్పుడు గానీ మా ఇంటి రెండు పొయ్యిలూ తారుమారయ్యాయని తట్టలేదు. ఆమె ఇంట్లో సన్నబియ్యం, నా విస్తట్లో జొన్న. పైకి చూస్తే సమానత్వం వచ్చినట్టే ఉంది. కానీ పొయ్యి ముందు కూర్చున్న మనిషి మారలేదు.

తిరుగు ప్రయాణంలో మా అమ్మాయితో వాదన పడింది. తన మాట కొట్టిపారేసేది కాదు. 'ఇంట్లో అత్తకీ మొగుడికీ చేసిపెడితే ఆమెకి రూపాయి రాదు. ఇక్కడ రోజుకి ఆరొందలు. ఇంటిపనికి జీతం కావాలని మీ తరమే కదా రాసింది? ఇప్పుడు జీతం ఇస్తే దోపిడీ అంటున్నావు.' దోపిడీ అనలేదు నేను. కూలి కూలే, అది కావాలి, ఇంకా ఎక్కువ కావాలి. ఆ రోజు నా చేతికి దొరికిన విశ్రాంతి ఆమె చేతుల మీదుగా వచ్చిందే. దానికి బాధపడి మానేస్తే ఆమెకి ఆరొందలు పోతాయి, నాకు ఆత్మసంతృప్తి మిగులుతుంది. అంతకంటే చౌకబారు నీతి ఇంకొకటి లేదు.

నా అభ్యంతరం వేరే. కూలి ఇచ్చి ఆమె శ్రమని తీసుకున్నాం. ఆ శ్రమతో పాటు జ్ఞానం కూడా వచ్చింది, దాన్ని మాత్రం 'సంప్రదాయం' ఖాతాలో రాసుకున్నాం. సంప్రదాయానికి కూలి ఇవ్వక్కర్లేదు, పేరు అడగక్కర్లేదు. శాంటోరినీ పప్పుకి యూరప్ చట్టం రక్షణ ఉంది, వైను సీసా మీద చేసినవాళ్ల పేరుంటుంది. మనకీ హైదరాబాద్ హలీమ్‌కి 2010లో, తాండూరు కందిపప్పుకి 2022లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. సంతోషమే. ఈ గుర్తింపులన్నీ నేలకీ ఊరికీ వస్తాయి, చేతికి రావు. గ్రీకుల ప్రస్తావన వచ్చింది కాబట్టి ఇదీ చెప్పాలి. మనం సదస్సులకి వాడే 'సింపోజియం' అనే మాటకి అసలర్థం కలిసి తాగటం. ప్లేటో రాసిన సింపోజియంలో మాటలు మొదలవబోయే ముందు వేణువు వాయించే అమ్మాయిని పంపించేస్తారు. తనకోసం వాయించుకుంటుందో, లోపలి ఆడవాళ్లకి వాయిస్తుందో ఆమె ఇష్టం అంటారు. తర్వాత ప్రేమ గురించి గొప్ప మాటలన్నీ మగవాళ్లు చెప్పుకుంటారు. డయోటిమా అనే స్త్రీ చెప్పిన సంగతి కూడా సోక్రటీసు నోటి నుంచే రావాలి. మా గైడు పాపం సోక్రటీసు కాడు గానీ, చేసింది ఆ పనే.

ఆ పెంకుటింటి ముందు పెద్ద విషయం ఏదో జరగాలని నేను కోరుకోను. కనీసం రుచి చెప్పే వంతు ఆమెకి రావాలనుకుంటాను. ఈ మాట మా అమ్మాయితో అంటే 'వాళ్లు సిగ్గుపడతారమ్మా, ఇబ్బంది పెట్టినట్టుంటుంది' అంది.

ఆమె ఏమీ సిగ్గుపడలేదు. బస్సు హారన్ కొడుతున్నప్పుడు నేను అడిగాను, ఇయ్యాల చేసినవాటిల్ల ఏది మంచిగ కుదిరిందని. ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు.

'పుంటికూర మంచిగైంది. పులుసుల ఉప్పెక్కువ, అది మా యారాలు ఏసింది. రొట్టె అయితే ఏం బాగలేదు. పిండి పాతది మేడం, మిల్లుల పట్టించి వారం దాటింది. గందుకే అంచులు పగిలినయి చూడుండ్రి. మావోళ్లకు పెడితే ఇస్తరు ఇసిరికొడ్తురు.'

మా గుంపులో అందరూ ఫోటో తీసి, లేచి నిలబడి చప్పట్లు కొట్టింది ఆ రొట్టెకే.