చూసేవాడి వాటా

యోగసూత్రాల్లో పతంజలి హింసను మూడుగా విడదీశాడు: చేసింది, చేయించింది, ఆమోదించింది. టీవీ ముందు కూర్చున్నవాడికి మొదటి రెండూ అంటవు. మూడోదాని సంగతే తేలాలి. 1960ల మొదట్లో స్టాన్‌ఫర్డ్‌లో మనస్తత్వవేత్త ఆల్బర్ట్ బండూరా పిల్లలకు చూపించిన ఫిల్ములో పెద్దవాళ్లు గాలిబొమ్మను సుత్తితో బాదారు. చూసిన పిల్లలూ తర్వాత బాదారు. కొట్టడానికే చేసిన బొమ్మను కొడితే అది హింస ఎలా అవుతుందన్న విమర్శ న్యాయమైనదే. ఆ ప్రయోగం గదిలోంచి నేరుగా వీధిలో హత్యకు దారి వేయలేం. కానీ 1965లో ఆయనే ఇంకో మెలిక చూపాడు. తెరమీద కొట్టినవాడికి శిక్ష పడితే పిల్లల అనుకరణ తగ్గింది. చేసి చూపిస్తే బహుమతి ఇస్తామనగానే ఆ తేడా పోయింది. నేర్చుకోవడం అందరూ నేర్చుకున్నారు, మెప్పు కోసం ఆగారంతే.

మహాభారతం నిండా రక్తమే కదా అంటారు. నిజమే, అయితే నిద్రపోతున్నవాళ్లను చంపే సౌప్తికపర్వం వెంటే స్త్రీపర్వం వస్తుంది; గాంధారి ఏడుపు వినకుండా కథ ముందుకు పోదు. సీరియల్లో చెంపదెబ్బను మూడు కోణాల్లో, మోతతో తిప్పి తిప్పి చూపిస్తారు. దెబ్బ తిన్నామె బాధ దగ్గరికి వచ్చేసరికి ప్రకటన. అమెరికా 1996 చట్టంతో టీవీల్లో హింసాత్మక కార్యక్రమాలను ఇంట్లోనే అడ్డుకునే వి-చిప్ పెట్టించి, భారం తల్లిదండ్రుల మీదకు నెట్టింది. సెన్సారు కత్తెరకేమో రక్తం కనబడుతుంది గానీ ఆమోదం కనబడదు, పైగా ఆ కత్తెరను ప్రభుత్వం చేతికిస్తే ముందు వార్తలే తెగుతాయేమో. అందుకే పిల్లలు మేలుకుని ఉండే వేళల్లో వచ్చే, పర్యవసానం చూపని హింసను రాత్రికి జరపమనడం నాకు సబబుగా తోస్తుంది.