వానను ఆపేదెవరు?

ఆషాఢంలో సికింద్రాబాద్‌లో లష్కర్ బోనాలు ఆదివారం జరిగితే, మరునాడు పొద్దున ఉజ్జయినీ మహంకాళి గుడిలో రంగం ఉంటుంది. ముఖానికి పసుపు పూసుకున్న అవివాహిత స్త్రీ పచ్చి కుండ మీద నిలబడుతుంది. కాల్చని కుండ కాబట్టి మనిషి బరువుకు చితికిపోవాలి. ఎదురుగా గర్భగుడిలో అమ్మవారు. వానలెట్లుంటయి తల్లీ, పంటలెట్లుంటయి, రోగాలు రాకుండ చూస్తవా అని పెద్దలు అడుగుతారు. వచ్చే జవాబు అమ్మవారిదేనని భక్తుల నమ్మకం. ఇదే సికింద్రాబాద్‌లో, ఈ గుడికి కూతవేటు దూరంలోని చర్చిల్లో, వాన గురించే ఇంకో కథ తరతరాలుగా వినిపిస్తోంది. అది రాజుల మొదటి గ్రంథం 18వ అధ్యాయం. కరువు కాలంలో కర్మెలు కొండ మీద ఏలీయా ప్రవక్త ఒక్కడు ఒకవైపు, బయలు ప్రవక్తలు 450 మంది మరోవైపు. రెండూ ఎరిగినవాళ్లు ఈ ఊళ్లో తక్కువేమీ కాదు. వాళ్లలో కొందరు ఆ రెంటినీ ముడిపెట్టి, బోనాలంటే బయలు పూజేనని తేల్చేస్తుంటారు. బలి, పూనకం, కొరడా దెబ్బలు, వాన కోసం మొక్కు ఉన్నాయి కాబట్టి పైపైన చూస్తే పోలిక బాగానే కుదిరినట్టుంటుంది. కానీ వాన కురిసినప్పుడు ఎవరిని పొగిడారన్నది పెద్ద విషయం కాదు. కురవనప్పుడు ఆ లెక్క ఎవరి ఖాతాలో రాశారన్నదే అసలు పరీక్ష. ఆ పరీక్ష పెడితే లష్కర్ అమ్మవారు బయలుకు చాలా దూరంగానూ, ఏలీయా కొలిచిన దేవుడికి ఆశ్చర్యపోయేంత దగ్గరగానూ కనిపిస్తుంది.

ముందు బయలు ఎవరో అతని సొంతవాళ్ల మాటల్లో వినాలి. రెండు వేల ఏళ్లకు పైగా అతని గురించి లోకానికి తెలిసిందంతా దాదాపు అతన్ని కూలదోసినవాళ్లు రాసిందే. 1928లో సిరియా తీరాన, లటాకియా దగ్గర, పొలం దున్నుతున్న ఒక రైతు నాగలికి పాత సమాధి రాయి తగిలింది. మరుసటి ఏడు ఫ్రెంచి పురావస్తు శాస్త్రవేత్త క్లాడ్ షేఫర్ ఆ పక్కనే ఉన్న రాస్ షమ్రా దిబ్బ తవ్వకం మొదలుపెడితే ఉగరిత్ నగరం బయటపడింది. క్రీ.పూ. 1185 ప్రాంతంలో ధ్వంసమైన ఊరది. అక్కడ దొరికిన మట్టి పలకల్లో ఆరింటి మీద బయలు కథ ఉంది. రాసిన లేఖకుడి పేరు ఇలిమిల్కు. కథ ప్రకారం బయలు మొదట సముద్రదేవుడు యమ్‌తో తలపడతాడు. పేరు చూసి మన యముడనుకోకూడదు, ఆ పని చేసే దేవుడు వేరే ఉన్నాడు. దేవశిల్పి చేసిచ్చిన గదలతో బయలు యమ్‌ను కొట్టి గెలిచి, సఫోన్ పర్వతం మీద కొలువు కట్టించుకుంటాడు. ఆ మందిరానికి మొదట వద్దన్న కిటికీ తర్వాత పెట్టించి, అందులోంచి ఉరుముతాడు. 1932లో దొరికిన అతని శిల్పం ఇప్పుడు పారిస్‌లోని లూవ్ర్ మ్యూజియంలో ఉంది. మనిషి ఛాతీ ఎత్తు వచ్చే రాతి పలక. కుడిచేత్తో గద ఎత్తి ఉంటాడు, ఎడమచేతిలో ఈటె మొన నేలకు ఆనించి ఉంటుంది. ఆ ఈటె పై కొస మాత్రం మొక్కలా కొమ్మలు వేసి ఉంటుంది. నేలను పొడిచిన పిడుగే పైరవుతుందని ఆ శిల్పి ఒక్క రాయిలో చెప్పేశాడు.

ఆదిమ మానవుడు ఉరుముకు జడిసి దేవుణ్ణి చేసుకున్నాడనే పాఠ్యపుస్తకాల వివరణ ఈ శిల్పం ముందు నిలవదు. భయపడినవాడు పిడుగులోంచి చిగురు తీయడు. ఉగరిత్‌కు నైలు లాంటి నది లేదు, ఆకాశమే ఆధారం. ద్వితీయోపదేశకాండం 11వ అధ్యాయం కనాను నేలను ఐగుప్తుతో పోలుస్తూ ఇదే చెబుతుంది: అక్కడ మనిషి తన కష్టంతో తోటకు నీళ్లు పెట్టుకున్నాడు, ఇక్కడి నేల ఆకాశం నుంచే తాగుతుంది. దక్కన్ పీఠభూమి మీద బతికినవాళ్లకు ఈ తేడా విడమరచి చెప్పనక్కర్లేదు. డెల్టా రైతు కాలువ వైపు చూస్తాడు, తెలంగాణ మెట్ట రైతు మబ్బు వైపు చూస్తాడు. చెరువులు తవ్వుకున్నా వాటిని నింపేది మబ్బే. విత్తనం, ఎరువు, ఎద్దు, చాకిరీ అన్నీ మనిషివే అయినా చివరి మాట మనిషిది కాదని ప్రతి ఏటా రుజువయ్యే చోట వానదేవుడు పుట్టడం అజ్ఞానం వల్ల కాదు. తన అదుపులో లేనిది ఏదో కచ్చితంగా తెలిసినవాడి దేవుడతను.

అయితే ఏడాదిలో సగం వాన లేని నేలలో వానదేవుణ్ణి నమ్మడం సులువు కాదు. ఉగరిత్ పలకలు దీనికి ఇచ్చిన సమాధానం నిజాయితీగా ఉంది: బయలు చనిపోతాడు. మృత్యుదేవుడు మోట్ అతన్ని మింగేస్తాడు. వార్త విని తండ్రి దేవుడు ఎల్ సింహాసనం దిగి కింద కూర్చుంటాడు, తల మీద దుమ్ము పోసుకుంటాడు, ఒళ్లు గాట్లు పెట్టుకుంటాడు. అనాత్ దేవి మోట్‌ను పట్టి నరికి, తూర్పారబట్టి, కాల్చి, తిరగలిలో విసిరి, పొలంలో చల్లుతుంది. అటుపైన ఆకాశం నూనె కురిసినట్టు, వాగుల్లో తేనె పారినట్టు ఎల్ కల గంటాడు. బయలు బతికాడని అప్పుడు తెలుస్తుంది. ఇది చదివాక కర్మెలు కొండ మీది దృశ్యం వేరుగా కనిపిస్తుంది. బయలు ప్రవక్తలు తమ మర్యాద ప్రకారం కత్తులతో ఒళ్లు కోసుకున్నారని బైబిలు చెబుతుంది. మనం దాన్ని పూనకంగా చదువుతూ వచ్చాం. ఎల్ చేసిన పని పక్కన పెట్టి చూస్తే అది శోకంలా ఉంది. మూడేళ్లు వాన లేదు కాబట్టి వాళ్ల దేవుడు పోయాడు, వాళ్లు ఏడుస్తున్నారు. నిద్రపోతున్నాడేమో, ప్రయాణంలో ఉన్నాడేమో అని ఏలీయా చేసిన ఎగతాళి అందుకే అంత పదునుగా తగిలింది.

బయలు మతంలో కరువు ఒక ఓటమి. దానికి రైతు బాధ్యుడు కాడు, రాజు కాడు, చివరికి బయలు కూడా కాడు. మన ఇంద్రుడిదీ దాదాపు ఇదే పంథా. త్వష్ట చేసిన వజ్రాయుధంతో వృత్రుణ్ణి చంపి నీళ్లు విడిపించినవాడు ఇంద్రుడు. క్రీ.పూ. 14వ శతాబ్దంలో హిట్టైట్ రాజుకూ మితన్ని రాజుకూ కుదిరిన ఒప్పందంలో మిత్ర, వరుణ, నాసత్యులతో పాటు ఇంద్రుడి పేరూ సాక్షిగా ఉంది. మితన్ని అంటే ఉత్తర సిరియా ప్రాంతం, ఉగరిత్‌కు మరీ దూరమేమీ కాదు. ఇద్దరూ గెలుపుతో పేరు తెచ్చుకున్న దేవుళ్లు. అందుకే ఓడినప్పుడు ఇద్దరికీ కొలువు పోయింది. గోవర్ధనగిరి కింద గొల్లలంతా తలదాచుకున్న నాటితో ఇంద్రపూజ ముగిసిందని మన పురాణమే ఒప్పుకుంటుంది. ఇవాళ తెలుగు ఊళ్లలో వాన కోసం ఇంద్రుడి గుడికి వెళ్లేవాడు లేడు. రోకలికి కప్పను కట్టి కప్పతల్లి ఆడతారు, శివుడికి సహస్ర ఘటాభిషేకం చేస్తారు, విరాటపర్వం చదివిస్తారు. ఈ చివరిది గమనించదగ్గది. ధర్మరాజు ఉన్నచోట వానలు వేళకు కురుస్తాయని భీష్ముడు చెప్పే ఘట్టం ఆ పర్వంలోనే ఉంది. అంటే మన నమ్మకంలో వాన యుద్ధఫలం నుంచి తప్పుకుని, పాలించేవాడి నడతకు ముడిపడిపోయింది.

ఏలీయా వాదం కూడా ఇటువైపుదే. నా దేవుడు బయలు కంటే గట్టివాడు అని మాత్రమే అతను చెప్పలేదు. 17వ అధ్యాయం మొదట్లోనే రాజు అహాబు ముందు నిలబడి, తన దేవుడి మీద ఒట్టు పెట్టి, నా మాట లేనిదే వాన పడదని ప్రకటించాడు. కరువు కూడా ఆ దేవుడి చేతిదే. ఆమోసు గ్రంథంలో దేవుడే ఒక ఊరి మీద కురిపించి పక్క ఊరి మీద ఆపానని చెప్పుకుంటాడు. ఇక్కడ నింద వేయడానికి మోట్ లేడు. ఇచ్చేదీ ఆపేదీ ఒకే చేయి.

ఇప్పుడు లష్కర్ అమ్మవారిని చూడండి. స్థలపురాణం ప్రకారం 1813లో జంటనగరాల్లో కలరా ప్రబలింది. అప్పుడు సైన్యంలో పని మీద ఉజ్జయినిలో ఉన్న సురిటి అప్పయ్య అక్కడి మహంకాళికి మొక్కుకుని, తిరిగొచ్చి 1815లో ఇక్కడ కొయ్య విగ్రహం నిలిపాడు. తర్వాత దాని స్థానంలో రాతి విగ్రహం వచ్చింది. అంటే రోగం కోసం వచ్చిన దేవతను ఇవాళ వాన గురించి అడుగుతున్నారు. ఇది పొరపాటున జరిగింది కాదు. తెలంగాణలో అమ్మ అంటేనే రెండు వైపులా పదునున్న శక్తి. ఒంటి మీద పొక్కులు లేస్తే అమ్మవారు పోసిందంటారు, తగ్గితే అమ్మవారే చల్లబడిందంటారు. చెరువు కట్ట మీద మైసమ్మ ఉంటుంది. నీళ్లు నిలవడం ఆమె దయ, కట్ట తెగడం ఆమె అలక. రోగానికో రాక్షసుణ్ణి, కరువుకో మోట్‌ను సృష్టించుకునే వీలు ఉండి కూడా జనం ఆ దారి పట్టలేదు. రంగంలో ఆ స్వభావం చెవికి తెలుస్తుంది. వానలు పుష్కలంగా కురిపిస్తానన్న అభయం చివర్లో వస్తుంది. తరచు అంతకు ముందే ఫిర్యాదు ఉంటుంది: నా పూజలు సరిగా జరగడం లేదు, మీరు మాట తప్పారు అని. వాతావరణ సూచనగా రంగానికి విలువ లేదని ఒప్పుకోవడానికి నాకు అభ్యంతరం లేదు. ఏటా దాదాపు ఒకే అభయం వినిపిస్తే దాన్ని సూచన అనలేం. అది ఏడాదికోసారి జరిగే లెక్కల అప్పగింత.

దీని మీద అభ్యంతరాలు రాకపోవు. ఏలీయా దేవుడు ఒక్కడే, మహంకాళి పదిమంది అమ్మల్లో ఒకరు కదా అనవచ్చు. నిజమే, ఇద్దరూ ఒకటేనని నేను అనడం లేదు. బాధ్యత విషయంలో ఒకే గట్టున ఉన్నారంటున్నాను. అప్పయ్య మొక్కు బేరం కదా అనవచ్చు. బేరమే. బేతేలులో యాకోబు చేసుకున్న మొక్కుబడి కూడా, అన్నం బట్ట ఇచ్చి క్షేమంగా ఇంటికి చేరిస్తే నువ్వే నా దేవుడివన్న షరతుతోనే ఉంది. అక్కడ బేరాన్ని భక్తికి తొలిమెట్టుగా చదివి, ఇక్కడ దాన్నే మూఢనమ్మకం అనడం న్యాయం కాదు. పోతరాజు కొరడాకూ కర్మెలు కత్తులకూ పోలిక తెచ్చేవాళ్లు పోతరాజు ఎవరో మరచిపోతున్నారు. అతను అమ్మవారి తమ్ముడు, కావలివాడు. ఊరేగింపు ముందు దారి చేస్తూ ఆడతాడు. చచ్చిన దేవుడి కోసం ఏడవడు. లష్కర్‌లో అమ్మవారు చనిపోయే ఘట్టమే లేదు.

వీటన్నిటి కంటే బరువైన అభ్యంతరం వేరే ఉంది. వాన నడతకు ముడిపడి ఉందంటే, ఎండిన పొలం ముందు కూర్చున్న రైతుకు నీ పాపమే అని చెప్పినట్టు కాదా? ఆ లెక్కన బయలు మతమే దయగలది. అది ఎవరినీ దోషిని చేయదు. ఈ అభ్యంతరాన్ని తోసిపుచ్చలేం. కరువులోనే కాదు, వరదలోనూ ఇదే ప్రశ్న. 1908 సెప్టెంబరులో హైదరాబాద్‌లో మూసీ పొంగి దాదాపు 15,000 మందిని మింగింది. నిజాం మహబూబ్ అలీ ఖాన్ నదికి పూజ చేశాడని ఇప్పటికీ చెప్పుకుంటారు. ఆ తర్వాత విశ్వేశ్వరయ్య సలహాతో ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ కట్టారు. చనిపోయిన పదిహేను వేల మందీ పాపులని ఎవరైనా అంటే అది దైవభక్తి కాదు, క్రూరత్వం. 2020 అక్టోబరులో పల్లె చెరువు, గుర్రం చెరువు కట్టలు తెగినప్పుడు తేడా ఇంకా స్పష్టమైంది. నాలాలు పూడ్చింది ఒకరు, పీకల్లోతు నీళ్లలో నిలబడింది ఇంకొకరు. తప్పు మనిషిదే, కానీ శిక్ష పడింది ఆ మనిషికి కాదు. నడతకూ నీళ్లకూ సంబంధం లేదనలేం. ఉందని చెప్పేటప్పుడు ఎవరి ముఖం మీద చెబుతున్నామన్నది ముఖ్యం.

ఏలీయా కరువు మాట చెప్పింది సింహాసనం మీద ఉన్న అహాబుకు. పొలంలో ఉన్నవాడికి కాదు. అదే కరువులో దేవుడు ఏలీయాను సారెపతు అనే ఊరి విధవరాలి ఇంటికి పంపాడు. ఆ ఊరు సీదోను దేశంలోది, బయలు రాజ్యం. అహాబు రాణి యెజెబెలు పుట్టిన దేశం. వాన పడేదాకా ఆమె తొట్టిలో పిండి తగ్గలేదు, బుడ్డిలో నూనె అయిపోలేదు. బయలు దేశపు ఆడమనిషి మీద నింద రాలేదు, తిండి వచ్చింది. రంగంలోనూ అమ్మవారి కోపం ఎదుట నిలబడి వినేది ఆలయ పెద్దలు, అధికారులు. గుడి బయట బోనం ఎత్తుకుని ఎండలో క్యూలో నిలబడ్డ మహిళ కాదు. ఆపేది దేవుడే అన్న నమ్మకం పై వరుసలో కూర్చున్నవాళ్లకు వినిపించినంత వరకే ధర్మం, కింద ఉన్నవాళ్ల మీదికి మళ్లిందంటే అది దౌర్జన్యం. కాబట్టి 18వ అధ్యాయం చదివి పక్కింటివాళ్ల బోనంలో బయలును వెతికేవాళ్లు ముందు 17వ అధ్యాయం చదవండి. రంగం వినడానికి ముందు వరుసలో కూర్చునే పెద్దలు, వాన ఎప్పుడు అని అడగడానికి ముందు, పోయినేడు కప్పేసిన నాలా సంగతి చెప్పండి.